కాంస్యపురి కవల అద్దాలు

తూర్పు దేశంలో కాంస్యపురి అనే రాజ్యం ఉండేది. కంచు అద్దాలకు ఆ ఊరు పెట్టింది పేరు. అంత పేరున్న ఊరికి ఒక వేసవిలో పెద్ద ఆపద వచ్చిపడింది. బావులు, చెలమలు, కొండ ఊటలు అన్నీ ఒక్క రోజులో ఎండిపోయాయి. తొమ్మిది కనుమల అవతల, పడమటి దేశంలో ఉండే శోషకుడనే రాక్షసుడు నీళ్లన్నీ మంత్రంతో లాక్కుని తన గుహలో బంధించాడని ఆస్థాన జ్యోతిష్కుడు చెప్పాడు. ఆ రాక్షసుడి మీదికి ఎవరు వెళతారని రాజు రత్నకేతు నిండు సభలో అడిగాడు. అంతవరకూ మీసాలు మెలేసిన వీరులందరూ తలలు దించుకుని కాలి గోళ్లు చూసుకున్నారు.

ముందుకు వచ్చినవాడు పైడన్న. అతడు అద్దాలు పోతపోసే కంచరి. తల్లీ తండ్రీ లేరు, ఉన్నది చెల్లెలు చెంగల్వ ఒక్కతే. అన్న పోతపోసిన అద్దాన్ని ఊక బూడిదతో, నూనెతో రుద్ది మెరుగుపెట్టడం ఆ పిల్ల పని.

వాళ్ల ఇంట్లో తాత చేసిన కవల అద్దాలు ఉండేవి. రెండూ ఒకే మూసలో కరిగిన కంచుతో పోసినవి. ఒకదాని ముందు ఏముందో, అది ఎంత దూరాన ఉన్నా సరే, రెండోదానిలో కనిపించేది. పైడన్న ఒక అద్దాన్ని తనతో తీసుకెళ్లాడు. రెండోదాన్ని కోట బురుజులో నిలబెట్టి, చెంగల్వను కాపలా పెట్టారు.

"నేను కనిపించకపోయినా విసుక్కోకే. చూస్తూ ఉండు" అన్నాడు పైడన్న.

"చూడకపోతే ఒట్టు, పో" అంది చెంగల్వ.

రెండు నెలలపాటు అద్దంలో అడవులు, వాగులు కనిపించాయి. ఊరివాళ్లు పొరుగు రాజ్యం నుంచి బండ్ల మీద నీళ్లు తెచ్చుకుంటూ రోజులు నెట్టుకొచ్చారు. పైడన్న కనుమలు దాటాక అద్దం నల్లబడిపోయింది. చెంగల్వ తెల్లవారగానే వచ్చి దాని ముందు కూర్చునేది. దీపాలు పెట్టగానే పట్టుగుడ్డ కప్పి ఇంటికి వెళ్లేది. దీపాలు పెట్టాక అద్దం చూస్తే అరిష్టమని కాంస్యపురిలో పసిపిల్లలకు కూడా తెలుసు. అన్నకు ఏ కీడూ తగలకూడదని ఆమె గుడ్డ అంచులు కూడా జాగ్రత్తగా సర్దేది.

ఇలా నలభై రోజులు గడిచాయి. ఇక చెంగల్వ ఉండబట్టలేకపోయింది. తిత్తి నిండా నీళ్లు, ఒక మెత్తని గుడ్డ తీసుకుని రాజుగారికి చెప్పి బయలుదేరింది.

ముళ్ల అడవిలో ఒక ముని దాహంతో సొమ్మసిల్లి కనిపించాడు. ఆమె తన నీళ్లలో సగం ఆయనకు తాగించి, అన్న కోసం శోషకుడి గుహకు వెళుతున్నానని చెప్పింది.

"నడిచి వెళితే రెండు నెలల దారి, తల్లీ" అన్నాడు ముని తేరుకుని. "అదిగో, ఆ శిఖరం మీద ఒక మహాపక్షి ఉంది. దుమ్ము కొట్టి దాని కళ్లు మూసుకుపోయాయి. దగ్గరికి వచ్చినవాళ్లను పొడిచి చంపుతోంది. దానికి చూపు తెప్పించగలిగితే నిన్ను మోసుకెళుతుంది."

చెంగల్వ శిఖరం ఎక్కింది.

"ఎవరది? ఇంకో అడుగు వేశావంటే చీల్చేస్తాను!" అని పక్షి అరిచింది.

"అద్దాలు తుడిచేదాన్ని. నా చేతిలో గుడ్డముక్క తప్ప ఏమీ లేదు. కళ్లు తుడిపించుకుంటావా, ఇలాగే అరుస్తూ కూర్చుంటావా?"

పక్షి తల కిందికి వంచింది. చెంగల్వ మిగిలిన నీళ్లతో గుడ్డ తడిపి, సాయంత్రం దాకా ఓపికగా ఆ కళ్లు శుభ్రం చేసింది. చూపు వచ్చిన పక్షి ఆమెను వీపు మీద ఎక్కించుకుని పడమటికి ఎగిరింది. అది ఎంత వేగంగా వెళ్లిందంటే, అస్తమించిన సూర్యుడు మళ్లీ పైకి లేచాడు. వాళ్లు దిగేసరికి ఎండ నడినెత్తిన ఉంది.

"మనం బయలుదేరింది దీపాలవేళ కదా!" అంది చెంగల్వ ఆశ్చర్యంగా.

"మీకు దీపాలవేళ అయితే ఇక్కడ మిట్టమధ్యాహ్నం. ఎప్పుడూ అంతే, అమ్మాయీ" అంది పక్షి.

గుహలో పైడన్న నడుము దాకా బండలో కూరుకుపోయి ఉన్నాడు. అద్దం అతని అరచేతికి అతుక్కుపోయి, బండకు బోర్లా ఆనుకుని ఉంది. పక్కనే శోషకుడు నీళ్లతో ఉబ్బిన పొట్ట వేసుకుని కూర్చున్నాడు.

"అన్నా!"

"చెంగల్వా! వచ్చావా తల్లీ!" అన్నాడు పైడన్న. "ఈ అద్దంలో నా రక్తం పంచుకున్నవాళ్ల ముఖం పడితే ఈ మంత్రం విడిపోతుందే. మిట్టమధ్యాహ్నం ఒక్కసారే ఎత్తనిస్తాడు. ఎత్తినప్పుడల్లా నా జ్ఞాపకం ఒకటి మింగుతాడు. నలభైసార్లు ఎత్తాను. ఎప్పుడు చూసినా పట్టుగుడ్డే కనిపించింది."

ఆ గుడ్డ కప్పింది చెంగల్వ చేతులే. అన్న ఇక్కడ అద్దం ఎత్తే వేళకే, అతని మేలు కోరి రోజూ కప్పింది.

"అమ్మ గుర్తుందా అన్నా?"

"లేదు."

"మన ఇల్లు?"

"అదీ పోయింది. నువ్వొక్కదానివే మిగిలావు."

"దాన్నీ మింగుతాను, ధైర్యముంటే ఎత్తు!" అని శోషకుడు నవ్వాడు.

"వద్దన్నా! సుత్తి తెస్తాను, బండ పగలగొడతాను" అని చెంగల్వ అన్న చేతికి అడ్డం పడబోయింది.

"మంత్రం బండ అది, సుత్తికి పగలదు. అక్కడ ఊరంతా దాహంతో ఉందే" అన్నాడు పైడన్న. "ఇలా రా. ఒక్కసారి నీ ముఖం చూడనీ."

అతడు చెల్లెలిని తనివితీరా చూసుకున్నాడు. తర్వాత అద్దం ఎత్తాడు.

కన్నీళ్లతో తడిసిన ఆమె ముఖం అద్దంలో పడింది. బండ పగిలింది. వెయ్యి ఊటలు ఒక్కసారిగా ఉబికి, శోషకుణ్ణి ఎండుటాకులా ఊడ్చుకుపోయాయి. వాడు మింగిన జ్ఞాపకాలన్నీ వాడితోనే పోయాయి.

పైడన్న బండలోంచి లేచి నిలబడి ఆమె వంక చూశాడు.

"ఎవరమ్మా నువ్వు? ఎందుకేడుస్తున్నావు?"

పక్షి ఇద్దరినీ కాంస్యపురికి చేర్చింది. బావులు నిండాయి, మేళాలు మోగాయి. రత్నకేతు పైడన్నను కౌగిలించుకుని సేనాపతిని చేశాడు. అతడు అందరికీ మర్యాదగా నమస్కరించాడు. ఇంట్లో మాత్రం చుట్టపుచూపుగా వచ్చినవాడిలా పీట అంచున కూర్చున్నాడు. చెంగల్వ అన్నం వడ్డిస్తూ జరిగినదంతా చెప్పింది. గుడ్డ కప్పింది తానేనని కూడా చెప్పి, క్షమించమని అడిగింది.

"పోనీలేమ్మా, తెలియక చేశావు" అన్నాడు పైడన్న, దారిన పోయేవాళ్లను ఓదార్చినట్టు.

అతడు తిట్టినా, కొట్టినా ఆమెకు అంత బాధ కలిగేది కాదు. చెంగల్వ అలాగే నిలబడిపోయి వెక్కివెక్కి ఏడ్చింది.

పైడన్న తన కంచాన్ని పక్కకు జరిపి, ఆమెకు చోటిచ్చాడు.

"నువ్వు చెప్పినవేవీ నాకు గుర్తు రావడం లేదు. కానీ నాకొక చెల్లెలుందంటే వినడానికి బాగుంది. ఇలా కూర్చో, మొదటినుంచి చెప్పు. మన అమ్మ ఎలా ఉండేది?"

చెంగల్వ అతని పక్కన కూర్చుని, కళ్లు తుడుచుకుని చెప్పడం మొదలుపెట్టింది.