సాపు పుస్తకం

ఆ రోజుల్లో పోయినవాళ్ళ చేత పని చేయించుకోవడం మామూలైపోయింది. ఏ ఆసుపత్రికెళ్ళినా యాభై ఏళ్ళ కిందట చనిపోయిన వైద్యుడు మందు చీటీ రాసేవాడు. దాన్ని మనోప్రతి అనేవాళ్ళు. అది దెయ్యమూ కాదు, ఆత్మా కాదు. ఒక మనిషి బతికుండగా రాసిన ఉత్తరాలూ డైరీలూ అన్నీ ఒక న్యూరల్ నెట్‌వర్క్‌కి తినిపిస్తే, ఏ ఇరకాటంలో ఆ మనిషి ఏం చేసేవాడో యంత్రం అదే చేస్తుంది. అంతే సంగతి.

2093 నాటికి సముద్రం పైకి లేచి, యానాం చుట్టూ గోడ కట్టుకోవాల్సి వచ్చింది. ఆ గోడకి ఒకటే గేటు. వేట పడవలు వెళ్ళాలన్నా రావాలన్నా అదే దారి. ఆ గేటు దగ్గర ఎవరి మనసు పెట్టాలన్న ప్రశ్న వచ్చినప్పుడు, మనోప్రతులు తయారుచేసే శాస్త్రవేత్త పేసింగి సత్యవేణి ఒక ఫ్రెంచి కెప్టెన్‌ని ఏరికోరి తెచ్చింది.

అతని పేరు కెర్వెలెక్. ఫ్రాన్సులోని బ్రిటనీ తీరంలో పుట్టి, పదమూడో ఏట ఓడెక్కాడు. ఇంగ్లీషువాళ్ళతో రెండు యుద్ధాలు చేసి, ఎడమచేతి వేళ్ళు రెండు పోగొట్టుకున్నాడు. నలభై దాటాక కెప్టెనై బంగాళాఖాతానికొచ్చాడు. 1787లో గోదావరి మొగ దగ్గర తుఫాను విరుచుకుపడితే, ఒడ్డుకెళ్ళిన ఆరు పడవలూ తిరిగొచ్చేదాకా లంగరు తాడు నరకనివ్వలేదని అతని లాగ్‌బుక్‌లో ఉంది. ఓడ దెబ్బతిన్నందుకు విచారణ జరిగింది. ఆ లాగ్‌బుక్ చూపించి పతకంతో బయటపడ్డాడు.

అయితే ఓడలో లాగ్‌బుక్కులు రెండుండేవి. చుక్కాని పట్టినవాడు అక్కడే వానలో తడుస్తూ రాసేది చిత్తు. తర్వాత కెప్టెన్ తన గదిలో తీరిగ్గా కూర్చుని పై అధికారుల కోసం రాసేది సాపు. సత్యవేణికి రెండూ దొరికాయి. చిత్తు పుస్తకం ఉప్పునీళ్ళకి అలుక్కుపోయి ఉంది. పైగా అది కెప్టెన్ చేతిరాత కాదు. అందుకని దాన్ని పక్కన పడేసి, ముత్యాల్లాంటి సాపు తినిపించింది.

ఆ అక్టోబరులో ఒక మధ్యాహ్నం తుఫాను అనుకున్న దానికంటే ముందే వచ్చిపడింది. తొమ్మిది పడవలు బయటున్నాయి. వాటిలో ఒకటి సత్యవేణి తమ్ముడు వీర్రాజుది. వాన హోరులో కెమెరాలు ఏమీ చూపించడం లేదు. కంట్రోలు గదిలో ఒక్కతే గోళ్ళు కొరుక్కుంటూ కూర్చుంది. ఇంతలో తెర మీద కెప్టెన్ లాగ్ పడింది.

‘మూడు గంటల పది నిమిషాలు. తొమ్మిది పడవలూ చేరాయి. ఆఖరి మనిషి లోపలికొచ్చాకే గేటు మూశాను.’

హమ్మయ్య అనుకుని టీ పోసుకుంది. నెమ్మదిగా తాగింది. తొమ్మిది నిమిషాలు గడిచాయి. అప్పుడు ఆమె సొంత రేడియో గరగరలాడింది.

“అక్కా, గేటేసేసారేంటే? మేవింకా బైటే ఉన్నాం. కెప్టెన్ని పిలుత్తుంటే పలకట్లేదు. బేగా తీయించవే.”

గోడ గడియారం వైపు చూసింది. ఇంకా మూడు కాలేదు.

“కెప్టెన్ గారూ, పడవలు రాకుండానే వచ్చాయని ఎలా రాశారు?”

“సాపు ముందే రాసిపెట్టుకోవడం మంచిదమ్మా,” అంది యంత్రం మర్యాదగా. “తర్వాతైతే చెయ్యి వణుకుతుంది.”

“గేటు తీయండి.”

“తీస్తే అల లోపలికొస్తుంది. గోడ బీట వేస్తే విచారణ నా మీదికొస్తుంది. బయటున్నవాళ్ళు సాక్ష్యం చెప్పడానికి రారు కదా.”

“ఆనాడు ఆరు పడవల కోసం ఆగారు కదండీ.”

“ఆగానని రాశాను.”

సత్యవేణి గోడ మీదికి పరిగెత్తింది. గేటుకున్న చేతిచక్రాన్ని రెండు చేతులా పట్టుకుని తిప్పింది. అరచేతులు చీరుకుపోయినా ఆపలేదు. గేటు తెరుచుకుంది. ఒకదాని వెనక ఒకటి ఎనిమిది పడవలు వచ్చాయి. వీర్రాజు వణికిపోతూ గట్టెక్కాడు.

“సత్తెయ్య మావ పడవ రాలేదక్కా. గేటు కాడే శానాసేపు కాసుకునున్నాడు. అలొచ్చి లాక్కుపోయింది. ఇంత ఆలీసం ఎందుకైందే?”

టీ కప్పు ఆమె కళ్ళ ముందు మెదిలింది.

“తెలిసిన మరుక్షణం తీశాన్రా,” అంది.

మర్నాడు పోర్టు కమిటీ రిపోర్టు అడిగింది. ముందు ఒక కాగితం మీద జరిగింది జరిగినట్టు రాసింది. గడియారం చూడకపోవడం, తొమ్మిది నిమిషాలు, టీ, అన్నీ. చదువుకుని ఏడ్చింది. ఆ కాగితం చింపి, ఇంకొకటి రాసి పంపింది. అందులో తొమ్మిది నిమిషాలు లేవు.

కమిటీవాళ్ళు అది చదివి ముగ్ధులైపోయారు. కెప్టెన్‌ని పీకేయమన్నారు. క్షణం ఆలస్యం చేయకుండా గేటు తీసిన మనిషి ఊళ్ళోనే ఉండగా పాతకాలపువాడెందుకని, సత్యవేణి మనోప్రతినే అక్కడ పెట్టమన్నారు. ఆమె ఉత్తరాలు, డైరీలు, అన్నిటికంటే ముఖ్యంగా ఆ రిపోర్టు తినిపించమన్నారు.

ఒప్పుకోనంటే ఎందుకో చెప్పాలి. సత్యవేణి సంతకం పెట్టింది.

కార్తీకంలో పడవలు మళ్ళీ వేటకి బయల్దేరాయి. వీర్రాజు గేటు దగ్గర ఆగి, నవ్వుతూ చెయ్యూపాడు.

“గేటు కాడ నువ్వే ఉన్నాక ఇంక బయమేటే అక్కా?”

ఆమె కూడా చెయ్యూపింది. పడవ గేటు దాటింది. కంట్రోలు గదిలో తెర మీద లాగ్ పడింది.

‘సాయంత్రం ఆరు గంటలు. పడవలన్నీ క్షేమంగా చేరాయి.’

అప్పటికింకా పొద్దున్న ఏడే అయింది.