క్షారాభం ఖాళీ

"ట్యాంకు దగ్గరే ఉండు. అక్కణ్ణించి కదలొద్దు. ఇది ఆర్డర్," అన్నాడు శశి ఢిల్లీ నుంచి.

అనీసా నిప్పులు చెరిగే ఎండలో మేడ మీద నిలబడి, శాటిలైట్ ఫోన్‌ను చెవికి గట్టిగా అదుముకుంది. ఫోన్ కాలుతోంది. చెవి కాలుతోంది. అంతకంటే ఎక్కువగా ఒళ్లు మండుతోంది.

"సార్, ఇంకొక్కసారి చెప్తాను. ఆ మెసేజ్‌లో ఉన్నది క్షారం కాదు. క్షారాభం. ఆల్కలీ వేరు, ఆల్కలాయిడ్ వేరు."

"సిస్టమ్ ఆల్కలీ అనే ట్రాన్స్‌లేట్ చేసింది. హై కాన్ఫిడెన్స్."

"సిస్టమ్ తెలుగు మీడియంలో చదవలేదు సార్."

"టెస్ట్ పెన్ రీడింగ్ పంపు," అని శశి లైన్ కట్ చేశాడు.

గూఢచార విభాగంలో అనీసా కోడ్ నేమ్ తంగేడు. కదిరిలో పుట్టి పెరిగింది. అనంతపురంలో బాటనీ చదివింది. ఇప్పుడు పుట్టపర్తి, కదిరి దారిలో రోడ్డుకు దూరంగా ఉన్న ఈ ధ్యాన కుటీరానికి మేనేజరుగా వేషం కట్టింది. తెల్లచీర కట్టుకున్న విదేశీయుల మధ్య ఇంకో తెల్లచీరను ఎవరూ పట్టించుకోరు.

కింద గదిలో ఉన్న మార్కోను కాపాడటమే ఆమె పని. ఒక విదేశీ ముఠాలో చాలాకాలం పనిచేసి, ప్రాణభయంతో మన వైపు తిరిగిన ఇంజనీరు అతను. మన రక్షణ సంస్థల్లో ఆ ముఠా ఎవరెవర్ని కొన్నదో అతనికి తెలుసు. ఆ పేర్లు మేజిస్ట్రేటు ముందు తప్ప ఇంకెక్కడా చెప్పనని మొండికేశాడు. మర్నాడే వాంగ్మూలం. అంటే మార్కో ఈ ఒక్కరోజు బతకాలి.

ముఠా వాళ్లు తెలివైనవాళ్లు. ఇంగ్లీషు మాట వాడితే కంప్యూటర్లు పట్టేస్తాయని, పాత తెలుగు సైన్సు పుస్తకాల్లోని మాటల్ని కోడ్‌గా పెట్టుకున్నారు. పొద్దున దొరికిన మెసేజ్ ఒకే ఒక్క వాక్యం.

"అతిథి భోజనానికి ముందు క్షారాభం ఖాళీ చేయాలి."

ఢిల్లీలో సిస్టమ్ దాన్ని తనకు తోచినట్టు అర్థం చేసుకుంది. ఎవరో నీళ్లట్యాంకులో ఏదో క్షారం కుమ్మరించబోతున్నారంది. అంతే, అనీసాకు ఒక టెస్ట్ పెన్ను, ఈ మేడ, ఈ ఎండ దక్కాయి. పెన్ను నీళ్లలో ముంచితే కొసన రంగు మారాలట. ఆ వేడికి పెన్ను క్లిప్పే ఊడి ట్యాంకులో పడిపోయింది.

అనీసా పళ్లు నూరుకుంటూ మెట్లు దిగింది. ఆర్డరైతే ఏంటి.

క్షారాభం అంటే ఏమిటో ఆమెకు కాలేజీ రోజుల నుంచీ తెలుసు. ఆభ అంటే పోలిక. క్షారంలా నడుచుకునేదే తప్ప క్షారం కాదు. మొక్కలు తమలో తాము తయారుచేసుకునే ఘాటైన పదార్థం. ఈ మెట్టనేలల మీద ఆ మాటకు ముందుగా గుర్తొచ్చేది ఉమ్మెత్త. వాన లేకపోయినా, మేక ముట్టకపోయినా, రోడ్డు పక్కన తెల్లగా పూసే ఉమ్మెత్త. అంటే భోజనంలో విషం!

వంటగదిలో ఆమె ప్రతి గిన్నె మూతా తీసింది. పప్పు వాసన చూసింది. పచ్చడి నాలిక్కి రాసుకుంది. వంటమనిషి ఆంజినమ్మ గరిటె పక్కన పెట్టి నడుం మీద చెయ్యి వేసుకుంది.

"ఏమమ్మా, పొద్దున్నించి చూస్తాండా. ఉప్పు నాకినావు, పప్పు నాకినావు. నామింద నమ్మకం లేకుంటే నువ్వే వండుకో."

"నీమీద కాదులేక్కా. బయట నుంచి ఏమన్నా వచ్చినాదా?"

"యాడిది? కూరగాయలు నేనే తెచ్చినా. నీళ్లు నేనే తోడినా. ఇంగ నన్ను కూడా ఉడకబెట్టి చూస్తావా?"

అప్పుడే బయట ఎర్రకారు ఆగింది. నల్లకళ్లద్దాలు, తెల్లటి పట్టుచీర, ఎండకు కూడా చెదరని జుట్టు. దిగినామె అనీసా దగ్గరికొచ్చి మెల్లగా అంది.

"కదిరిలో వాన పడిందంట."

"పడితే పేపర్లో వేసేవాళ్లు," అంది అనీసా.

కోడ్ కలిసింది. ఢిల్లీ పంపిన నిపుణురాలు భారతి, మొక్కల రసాయనశాస్త్రంలో డాక్టరేటు. అనీసాకు సగం భారం దిగినట్టయింది. తన మాట అర్థమయ్యే మనిషి ఒకరైనా వచ్చారు.

"మేడమ్, వాళ్లు క్షారమంటున్నారు. నేను క్షారాభమంటున్నాను. మీరైనా శశి సార్‌కు చెప్పండి."

భారతి నవ్వింది. "నువ్వే కరెక్ట్ అనీసా. ఆల్కలాయిడ్ అంటే విషమే. ఇంకో అర్థం లేదు. వంటగది వదలకు. మార్కోను నేను చూసుకుంటాను."

పొద్దున్నించి ఎవరూ అనని మాట, 'నువ్వే కరెక్ట్.' దాహంతో ఉన్నవాడికి చల్లటి మజ్జిగ ఇచ్చినట్టుంది. అనీసా గిన్నెల దగ్గరికి తిరిగిపోయింది.

కాసేపటికి మార్కో గదిలో ఏదో దభీమని పడింది.

అనీసా వెళ్లేసరికి అతను నేల మీద ఉన్నాడు. స్నానం చేసి అప్పుడే చాకలి దగ్గర్నుంచి వచ్చిన లాల్చీ తొడుక్కున్నాడు. ఒళ్లంతా చెమట. నోటి నుంచి చొంగ. కంటిపాపలు ఆవగింజలంత చిన్నవైపోయాయి. ఇంకా అన్నం ముద్ద నోట్లో పెట్టలేదు!

లాల్చీ నుంచి ఒక వాసన వచ్చింది. ఆ వాసన అనీసాకు చిన్నప్పటి నుంచీ తెలుసు. వేరుశనగ చేలో పురుగుమందు కొట్టినప్పుడు వచ్చేది. ఉమ్మెత్తకూ దీనికీ సంబంధమే లేదు. పొద్దున్నించి పప్పూ పచ్చడీ నాకుతూ కూర్చున్నందుకు తన చెంప తానే పగలగొట్టుకోవాలనిపించింది. చేతులకు ప్లాస్టిక్ కవర్లు తొడుక్కుని లాల్చీ చింపి అవతల పారేసింది. ఒంటి మీద నీళ్లు కుమ్మరించింది.

"నా కారులో తీసుకెళ్దాం. దగ్గర్లో నర్సింగ్ హోమ్ ఉంది," అంది భారతి.

నర్సింగ్ హోమ్‌లో డాక్టరు తౌసిఫ్ ఒక్క చూపులో కనిపెట్టాడు. ఈ జిల్లాలో డాక్టరైనవాడికి అది కొత్త కేసు కాదు.

"పురుగుమందు మేడమ్. అట్రోపిన్ వేస్తా. తేరుకుంటాడు."

ఇంజెక్షన్ వేశాడు. మళ్లీ వేశాడు. మార్కో ఊపిరి గరగరలాడుతూనే ఉంది. కంటిపాపలు కొంచెమైనా పెద్దవి కాలేదు. తౌసిఫ్ నుదుటి మీద చెమట పట్టింది.

"వేస్తానే ఉండా మేడమ్. పనిజేయడంల్యా. ఎప్పుడూ ఇట్ల కాలేదు."

అట్రోపిన్.

అనీసా గోడకు ఆనుకుంది. వాళ్ల నాయన దాదా ఖలందర్ ఒకసారి చేలో మందు కొడుతూ పడిపోయినప్పుడు, అనంతపురం పెద్దాసుపత్రిలో ఆయన్ను బతికించింది ఈ మందే. ఆ తర్వాత కాలేజీలో, అట్రోపిన్ ఉమ్మెత్త కుటుంబపు మొక్కల్లో దొరికే ఆల్కలాయిడ్ అని పుస్తకంలో చదివి ఆశ్చర్యపోయింది. ఇంటికొచ్చి చెబితే నాయన నమ్మలేదు. "ఉమ్మెత్త నన్ను బతికించినాదా? పో పిల్లా!" అన్నాడు.

ఆమె ట్రేలోంచి ఒక ఆంప్యూల్ తీసి మెడ విరిచింది. ఒక చుక్క నాలిక కొసన రాసుకుంది.

చప్పగా ఉంది. ఆల్కలాయిడ్ చేదుగా ఉండాలి. క్వినైన్ చేదు, అట్రోపిన్ చేదు. ఇది ఉత్త నీళ్లు.

'క్షారాభం ఖాళీ చేయాలి.'

ఖాళీ చేయడమంటే విషం కుమ్మరించడం కాదు. అతిథికి విషం పెట్టేముందు విరుగుడు మాయం చేయడం! ఢిల్లీ ఆ మాటను క్షారమనుకుంది. తాను విషమనుకుంది. ఇద్దరూ తప్పే. అక్కడ క్షారాభమంటే మందు.

"డాక్టర్ సాబ్, ఈ స్టాకు ఎవరైనా ముట్టుకున్నారా?"

"నిన్న డ్రగ్ ఇన్‌స్పెక్టర్ మేడమ్ వచ్చి పాత బ్యాచ్ మార్చిపోయిన్యాది. కదిరిలో కూడా మార్చిందంట. బురఖాలో ఉండె. మొగం చూడలా."

అనీసా నెమ్మదిగా తల తిప్పింది. తలుపు దగ్గర భారతి కారు తాళాలు తిప్పుకుంటూ నిలబడి ఉంది.

"ఆల్కలాయిడ్ అంటే విషమే అన్నారు కదా మేడమ్. ఇంకో అర్థం లేదన్నారు. పొద్దున మీరు తాగే కాఫీలో ఉండేదీ ఆల్కలాయిడే. డాక్టరేటు చేసినామెకు అది తెలీదా?"

భారతి నవ్వు చెరగలేదు. చెయ్యి మాత్రం హ్యాండ్‌బ్యాగులోకి వెళ్లింది. బయటికొచ్చిన లిప్‌స్టిక్‌కు చిన్న తుపాకీ గొట్టం ఉంది.

"నువ్వు వంటగదిలోనే ఉండాల్సింది అనీసా."

అనీసా పక్కనున్న సెలైన్ స్టాండును కాలితో తన్నింది. అది భారతి మణికట్టు మీద పడింది. తూటా సీలింగులోకి దూసుకుపోయి సున్నం రాల్చింది. పట్టుచీర కొంగు అనీసా పిడికిట్లోకి వచ్చింది. పొద్దున్నించి పేరుకున్న కోపమంతా ఆ ఒక్క తోపులో పోయింది. భారతి వెళ్లి ఎక్స్‌రే గదిలో పడింది. సీసపు రేకు తాపిన తలుపు. అనీసా బయట గడియ పెట్టి, కిందపడిన కారు తాళాలు తీసుకుంది.

"అనంతపురం పోదాం," అన్నాడు తౌసిఫ్, మార్కోను ఎర్రకారు వెనకసీట్లో పడుకోబెడుతూ.

"అంతదూరం బతకడు. అట్రోపిన్ ఇంకెక్కడ ఉంటుంది? ఆలోచించు!"

శాటిలైట్ ఫోన్ మోగింది. శశి.

"తంగేడూ, ట్యాంకు రీడింగ్ ఇంకా రాలేదు."

ఆమె ఫోన్‌ను ఆఫ్ చేసి సీటు కింద పడేసింది. పది మాటలు విననివాడికి పదకొండోది చెప్పే ఓపిక ఆమెకు లేదు.

అప్పుడు తట్టింది. ఈ కరువు నేల మీద మనుషుల కంటే గొర్రెలే ఎక్కువగా మందు కొట్టిన చేలల్లో మేసి పడిపోతాయి. ముఠా ఆసుపత్రుల్ని ఖాళీ చేసింది. పశువుల డాక్టరును ఎవరు లెక్కలో వేసుకుంటారు?

"జయరాముడన్న యాడుంటాడు ఈ పొద్దు?"

తౌసిఫ్ కళ్లు మెరిశాయి. "కొండకింద పల్లెలో గొర్రెలకు టీకాలు వేస్తాండాడు!"

ఎర్రకారు మట్టిదారిలో ఎగురుతూ పరుగెత్తింది. వెనకసీట్లో మార్కో ఊపిరి ఒకసారి ఆగి, మళ్లీ అందుకుంది. గొర్రెల మంద దారికి అడ్డంగా నిండిపోయి ఉంది. అనీసా హారన్ మీద చెయ్యి తీయలేదు. గొర్రెలు కదిలితే ఒట్టు. కారు దిగి, మందలోంచి తోసుకుంటూ అరిచింది.

"జయరాముడన్నా! అట్రోపిన్ ఉండాదా?"

మోకాళ్ల మధ్య గొర్రెను ఇరికించుకున్న జయరాముడు తలెత్తాడు. "ఉండాది. అది గొర్రెలకేసేది గదమ్మా. మనిషికి ఎట్ల ఏసేది?"

"డోసు నేను చూసుకుంటా, తీయన్నా!" అన్నాడు తౌసిఫ్.

అనీసా ముందు ఒక చుక్క నాలికకు రాసుకుంది. చేదు. ముఖమంతా ముడుచుకుపోయేంత చేదు. పొద్దున్నించి ఆమెకు నచ్చిన రుచి అదొక్కటే.

మార్కో ఊపిరి మళ్లీ ఆగింది. సూది దిగింది. తౌసిఫ్ అతని ఛాతీ నొక్కుతూ మళ్లీ వేశాడు. అనీసా అతని కనురెప్ప ఎత్తి పట్టుకుని చూస్తూ ఉండిపోయింది. చుట్టూ గొర్రెలు అరుస్తున్నాయి. ఆవగింజంత పాప కదిలింది. మెల్లగా, పూవు విచ్చినట్టు పెద్దదైంది. మార్కో గట్టిగా దగ్గి గాలి పీల్చుకున్నాడు.

అనీసా మట్టిలో చతికిలపడింది. ఆనందం రాలేదు. ఆనందపడేంత ఓపిక మిగల్లేదు.

మర్నాడు మార్కో మేజిస్ట్రేటు ముందు పేర్లన్నీ చెప్పాడు. మొదటి పేరు భారతిది. ఆమెను నిపుణురాలిగా ఎంపిక చేసింది ఆ సిస్టమేనని, అదీ హై కాన్ఫిడెన్స్‌తోనేనని తర్వాత తేలింది.

అయితే అది మర్నాటి మాట. ఆ మధ్యాహ్నం మట్టిలో కూర్చున్న అనీసా దగ్గరికి జయరాముడు తలగోక్కుంటూ వచ్చాడు.

"మందు గవర్మెంటుది గదమ్మా. ఏ జీవానికి ఏసినానని రాసుకోవాల?"

వెనకసీట్లో ఎర్రగా కందిపోయి పడుకున్న దొరబాబును ఆమె ఒకసారి చూసింది.

"సీమ పొట్టేలని రాయన్నా," అంది.