లెంపి పంపిన పాలు

లెంపి మార్చి పదకొండున చనిపోయింది. జూన్ వచ్చాక కూడా ఆమె రోజూ పొద్దున ఆరింటికి తమ్ముడికి పాలు పంపుతూనే ఉంది. పోయిన మనిషి పేరుతో పని నడిపించుకునేవాళ్లు మనుషుల కింద లెక్క కాదు. ఈ సంగతిలో ఓస్మోకు రెండో అభిప్రాయం లేదు.

అవి నిజం పాలు కావు. ఫోన్‌లో ఆడే పశువుల పాక ఆట. ఎవరి పాక వాళ్లది. పొద్దున్నే స్నేహితులకు ఒక క్యాన్ పాలు పంపాలి. అందుకున్నవాళ్లు గంటలోపు నొక్కి తీసుకోవాలి. తీసుకోకపోతే ఇద్దరి ఆవులూ చిక్కిపోతాయి. పని ఉన్నవాళ్లు ఆడే ఆట కాదు. లెంపి ఆస్పత్రి మంచం మీద ఆడింది. తమ్ముడు రైనో చేత కూడా ఆడించింది.

ఓస్మో ఆమె భర్త. ఇరవై ఆరేళ్లుగా గూఢచారి శాఖలో ఏజెంటు. చనిపోయిన భార్య పాలు పంపుతోందన్న సంగతి అతనికి శుక్రవారం పదకొండింటికి తెలిసింది. కోట్కా అనే రేవు పట్నంలో, మార్కెట్ హాల్లో, కాఫీ బల్ల దగ్గర. చెప్పింది ఇలోనా.

ఇలోనా రెండు పక్షాల జీతం తినే మనిషి. ఒకప్పుడు ఆమె గదిలోకి వస్తే రాయబారులు చేతిలో గ్లాసు సంగతి మరిచిపోయేవారు. ఆకుపచ్చ పట్టు స్కార్ఫు, నల్ల కళ్లద్దాలు ఇప్పటికీ ఉన్నాయి. కాళ్లు నొప్పులని బల్ల కింద జోళ్లు విప్పేసింది.

"ఈ ఏడు స్ట్రాబెర్రీలు ఆలస్యమట" అంది.

"చలి తగ్గలేదుగా" అన్నాడు ఓస్మో.

వాళ్లకు పన్నెండేళ్ల పరిచయం. అయినా కోడ్ మాటలు చెప్పుకోవాలి. రూలు రూలే.

"పాలు పంపేది నేనే. ఆరింటికి అలారం పెట్టుకుని లేస్తున్నా, ఈ వయసులో" అంది ఇలోనా.

మిగతాది ఆమె దాల్చినచెక్క బన్ను తింటూ చెప్పింది. ఏప్రిల్‌లో ఎవరో లెంపి బట్టలు, కోటు, ఫోన్ ఒక పెట్టెలో పెట్టి పాతసామాను కొట్టుకు ఇచ్చారు. ఫోన్‌లో ఉన్నదేదీ చెరపలేదు. సరిహద్దు గార్డుల కుటుంబాల సామాను కోసం ఇలోనా పనిచేసే అవతలి దేశపు ముఠా అలాంటి కొట్లన్నీ వెతుకుతుంది. ఫోన్ తెరిస్తే లెంపి సోషల్ మీడియా అకౌంట్ తెరుచుకునే ఉంది. అందులో ఆట ఉంది. ఆటలో రైనో ఉన్నాడు. రైనో గస్తీ పడవ కెప్టెన్. ఆట మొదలుపెట్టిన రోజే అది స్నేహితులకు చూపడానికి లొకేషన్ అడిగింది, అతను సరేనన్నాడు. లెంపి ఫోన్ దొరికినప్పటి నుంచి అతను ఎక్కడుంటే అక్కడ ముఠా తెర మీద ఒక చుక్క.

పెట్టెకు టేపు వేసింది ఓస్మోనే. ఏటా కొత్త ఏజెంట్లకు మొదటి పాఠం చెప్పేది కూడా అతనే: చేతి నుంచి వదిలే ఫోన్‌ను ముందు చెరిపెయ్యాలి.

"ఏడుస్తూ సర్ది ఉంటారు, గమనించలేదు" అంది ఇలోనా.

"నేను ఏడవలేదు."

"అదే అంటున్నా."

తాను పంపడం మానేస్తే ఇంకొకరిని పెడతారని, తనను బతకడం కూడా మానిపించేస్తారని ఆమె చెప్పింది. ఆట రైనో ఫోన్‌లోంచే పోవాలి. ఆమె ఇదంతా ఎందుకు చెబుతోందో ఓస్మో అడగలేదు. అలసిపోయినవాళ్లు ఏదో ఒక రోజు నిజం చెబుతారు.

ఓస్మో సంగతి చేరవేశాక మధ్యాహ్నం డైరెక్టర్ సినిక్కా అతన్ని కారులో కూర్చోబెట్టి బ్రీఫింగ్ ఇచ్చింది. ఆమె అతనికన్నా పదహారేళ్లు చిన్న. మాట పొదుపు. శనివారం రెండింటికి ఒక మనిషి చిన్న తెరచాప పడవలో ఒంటరిగా ఇటు వస్తోంది. కోడ్ పేరు దర్జీ. ముఠాకు ఇక్కడ పనిచేసే పద్నాలుగు మంది పేర్లు ఆమె తలలో ఉన్నాయి, కాగితం మీద లేవు. ఆమె ఎక్కడికి చేరుతుందో ముఠాకు తెలియదు. తెలియనక్కర్లేదు. రైనో ఆమెను తీసుకురావడానికి వెళ్తాడు. చుక్క ఎటు కదిలితే అటు వాళ్ల స్పీడ్‌బోటు వస్తుంది. ముందుగా అది చేరితే దర్జీ అనే మనిషి ఇక ఉండదు.

"రైనోని మార్చేస్తే?" అన్నాడు ఓస్మో.

కుదరదంది. ఆ రాళ్ల మధ్య నీటి దారి రైనోకు తప్ప ఇంకెవరికీ రాదు. చిన్నప్పుడు అక్కా తమ్ముడూ అక్కడే చేపలు పట్టారు. గస్తీ పడవలోకి సొంత ఫోన్ తేకూడదు. రైనో చొక్కా లోపలి జేబులో దాచుకుని తెస్తున్నాడు. ఆ మాట కాగితం మీదికి వస్తే ఆ గంటలోనే అతని కెప్టెన్ పదవి పోతుంది. ఆట పోవాలి, మనిషి ఉండాలి.

"మారువేషం?"

"బావ" అంది సినిక్కా. "మీకు అలవాటు తప్పినట్టుంది, చూసుకోండి."

టెక్నికల్ సెక్షన్ వాళ్లు అగ్గిపెట్టెంత పరికరం ఇచ్చారు. ఎలాంటి ఫోన్ లాక్ అయినా నలభై సెకన్లలో తీస్తుందట. ఓస్మో సంతకం పెట్టి తీసుకున్నాడు.

శనివారం పొద్దున తొమ్మిదింటికి దీవిలో దిగాడు. గార్డుల స్టేషన్, నాలుగు ఇళ్లు, ఒక జెట్టీ. ఒక ఇంటి తలుపుకు చీపురు ఆనించి ఉంది. ఇంట్లో ఎవరూ లేరని దాని అర్థం. ఆ దీవిలో తాళం అంటే అదే.

రైనో రాత్రి డ్యూటీ దిగి సౌనా, అంటే ఆవిరి స్నానాల గది, వేడి చేస్తున్నాడు. బావను చూసి చేతిలో కట్టె కింద పెట్టాడు.

"దారి తప్పావా బావా?"

"చేపలు తెచ్చా. పొగబెట్టినవి."

"పట్టావా, కొన్నావా?"

"కొన్నా."

"అయితే తినొచ్చు."

అంత్యక్రియల తర్వాత వాళ్లు కలవడం అదే మొదటిసారి. అంతకన్నా ఎక్కువ పలకరింపు ఇద్దరికీ చేతకాదు.

సౌనాలో పక్కపక్కన కూర్చున్నారు. రైనో రాళ్ల మీద నీళ్లు పోశాడు. ఆవిరి లేచింది. అక్కడి అలవాటు ప్రకారం బర్చ్ చెట్టు రెబ్బలతో వీపు కొట్టుకున్నారు. ఈ ఏడు నీళ్లు తక్కువని, చేపల కోసం వచ్చే సీల్ జంతువులు వలలు చింపేస్తున్నాయని రైనో చెప్పాడు. లెంపి పేరు ఎవరూ ఎత్తలేదు. పది నిమిషాలకు ఓస్మో ఉక్కపోస్తోందని లేచాడు.

"పట్నం తోలు బావా నీది" అన్నాడు రైనో. "పో, గాలి పీల్చుకో."

బట్టలు మార్చుకునే గదిలో రైనో చొక్కా కొక్కేనికి వేలాడుతోంది. ఫోన్ లోపలి జేబులో ఉంది. ఓస్మో పరికరం బయటికి తీశాడు. తర్వాత జేబులో పెట్టేశాడు. ఫోన్‌కు లాక్ లేదు. దేశం తూర్పు గుమ్మానికి కాపలా మనిషి ఫోన్‌కు చీపురైనా ఆనించలేదు.

ఆట తెరవకూడదు. తెరిచాడు. రైనో పాక పక్కనే లెంపి పాక. ఆరు ఆవులు, పసుపు రంగు కంచె. ఇంటి కంచెకు కూడా పసుపు రంగు వేయమని ఆమె ఏడేళ్లు అడిగింది. అతను వేయలేదు.

మూసేశాడు. ఆవు బొమ్మ మీద వేలు పెట్టి నొక్కి పట్టాడు. బొమ్మ వణికింది. తీసేయాలా అని ఫోన్ అడిగింది. అవునన్నాడు. బొమ్మ పోయింది. మూడు సెకన్ల పని. ఇరవై ఆరేళ్ల సర్వీసులో ఇంత తేలికైన మిషన్ ఇంకొకటి లేదు. అప్పుడే అనుమానించి ఉండాల్సింది.

పన్నెండు నలభై ఎనిమిదికి జెట్టీ మీద గస్తీ పడవ ఇంజన్ మొదలైంది. బయల్దేరేది ఒంటిగంటకు. ఓస్మో ఫోన్‌కు ఇలోనా మెసేజ్ వచ్చింది: "మీవాడు ఇంకా పాలు తాగుతున్నాడు."

ఓస్మో బోట్ షెడ్డు వెనక్కి వెళ్లి ఫోన్ చేశాడు.

"తీసేశా" అన్నాడు.

"బొమ్మ తీశారు. ఆట ఫోన్‌లో లేదండీ, అతని అకౌంట్లో ఉంది. ఏ తెర మీద ఆ అకౌంట్ తెరిచినా చుక్క అక్కడికే వస్తుంది, ఫోన్ ఒడ్డున వదిలించినా లాభం లేదు. సోషల్ మీడియా సెట్టింగ్స్‌లోకి వెళ్లి, దానికి ఇచ్చిన అనుమతులన్నీ అక్కడ రద్దు చేయాలి. పాస్‌వర్డ్ అడుగుతుంది." గొంతు తగ్గించింది. "పక్క గదిలో ఇద్దరు కూర్చుని చుక్కనే చూస్తున్నారు. స్పీడ్‌బోటు ఇంజన్ వేడెక్కించారు."

పాస్‌వర్డ్ రైనోకే తెలుసు. పరికరం దాని ముందు పనికిరాదు. ఇక దొంగచాటు దారి లేదు. ఓస్మో జెట్టీ మీదికి నడిచి, డెక్ మీదున్న రైనోను దిగి రమ్మన్నాడు. పడవలో ఇద్దరు గార్డులు ఇటు చూసి, వెంటనే అటు తిరిగారు.

"లోపలి జేబులో ఉన్నది తియ్" అన్నాడు ఓస్మో.

రైనో అబద్ధం చెప్పాలనుకున్నాడు. అలవాటు లేక చెప్పలేకపోయాడు. ఫోన్ తీశాడు.

"ఆ పాలు పంపేది అక్క కాదు."

"నాకు తెలుసు."

ఓస్మో చెప్పాలనుకున్న నాలుగు వాక్యాలూ ఆగిపోయాయి.

"తెలుసా?"

"శవపేటిక తల వైపు పట్టింది నేనే కదా బావా. పోయినవాళ్లు పాలు పంపుతారనుకునేంత వెర్రివాణ్నా?" రైనో సముద్రం వైపు చూస్తూ మాట్లాడాడు. "నువ్వే అనుకున్నా."

"నేనా?"

"అక్క ఫోన్ నీ దగ్గరే ఉందిగా. నీకు మాటలు రావు. ఫోన్ చేసి ఎలా ఉన్నావురా అని అడగవు. పోనీలే, పొద్దున్నే లేచి ఇలాగైనా పలకరిస్తున్నాడు అనుకున్నా. నేను తీసుకోకపోతే నువ్వు అక్కడ ఒక్కడివే కూర్చుని ఏమనుకుంటావోనని ఒక్కరోజు కూడా మానలేదు. పడవలోకి తెచ్చింది అందుకే."

పన్నెండు యాభై నాలుగు.

అవును నేనేనని ఒక్క మాట అంటే చాలు. రైనో పాస్‌వర్డ్ కొట్టేవాడు. ఓస్మో బతుకంతా అంతకన్నా పెద్ద అబద్ధాలు చెప్పాడు, దానికి జీతం తీసుకున్నాడు. ఈ మనిషికి చెప్పలేకపోయాడు.

"నేను కాదు" అన్నాడు.

"ఒక్కరోజు కూడా కాదా?"

"ఒక్కరోజు కూడా కాదు. ఆ ఫోన్ బట్టలతో పాటు పెట్టెలో పడేసి ఇచ్చేశా. చూసుకోలేదు. అవతలివాళ్ల చేతికి పోయింది. పాలు వాళ్లు పంపుతున్నారు. నువ్వు ఎక్కడుంటే అక్కడ నిన్ను చూస్తున్నారు. నువ్వు ఇవాళ తేవాల్సిన మనిషి దగ్గరికి నీ వెనకాలే వస్తారు."

రైనో టోపీ తీసి మళ్లీ పెట్టుకున్నాడు. తర్వాత ఫోన్ తెరిచి, ఓస్మో చెప్పినట్టు సెట్టింగ్స్‌లోకి వెళ్లాడు. అక్కడ ఆట పేరు ఉంది. దాని కింద అది తీసుకుంటున్నవన్నీ ఉన్నాయి: పేరు, స్నేహితులు, ఫొటోలు, ఉన్న చోటు. రైనో పాస్‌వర్డ్ కొట్టాడు. అతని వేళ్లు లావు. రెండుసార్లు తప్పు పడింది. మూడోసారి తెర మారింది.

కన్నీళ్లు కారుస్తున్న ఆవు బొమ్మ వచ్చింది. కింద అక్షరాలు: నిజంగా వెళ్లిపోతున్నారా? మీ స్నేహితురాలు లెంపికి చాలా బాధగా ఉంటుంది.

రైనో ఫోన్ చాచాడు.

"ఇది నువ్వు నొక్కు బావా."

ఓస్మో నొక్కాడు. ఒంటిగంటకు నిమిషం తక్కువ. రైనో ఫోన్‌ను అతని చేతిలోనే వదిలేసి పడవ ఎక్కాడు. తాడు విప్పారు. పడవ పడమటి రాళ్ల వైపు తిరిగింది.

రెండు నిమిషాల తర్వాత ఇలోనా మెసేజ్: "చుక్క లేదు. ఇక్కడ ఇద్దరూ కంప్యూటర్ని తిడుతున్నారు."

స్పీడ్‌బోటు ఊహ మీద తూర్పుకు వెళ్లింది. రెండు గంటల సేపు పక్షుల దీవుల చుట్టూ తిరిగింది. ఆ లోపల రైనో ఎవరికీ రాని దారిలో పడవను దూర్చి, తడిసి వణుకుతున్న ఒక నడివయసు ఆడమనిషిని చెయ్యి పట్టి పైకి లాగాడు. ఒడ్డుకు వచ్చాక ఆమె దుప్పటి కప్పుకుని, కాఫీ తాగి, పద్నాలుగు పేర్లు ఆపకుండా చెప్పింది. వారంలో పద్నాలుగు మందినీ పట్టుకున్నారు. అందులో ఒకడు పాతసామాను కొట్టు మేనేజర్.

ఇలోనా ఆ రాత్రే దేశం దాటేసింది. ఆదివారం ఆమె పంపిన చివరి మెసేజ్: "తొమ్మిదింటి దాకా పడుకున్నా."

శనివారం సాయంత్రం ఓస్మో దీవి నుంచి చివరి బోటు ఎక్కేటప్పుడు రైనో జెట్టీ దాకా వచ్చాడు. ఓస్మో ఫోన్ తిరిగి ఇచ్చాడు.

"పొద్దున ఫోన్ చేస్తే ఎత్తుతావా బావా?"

"వాన గురించి, చేపల గురించి అయితే ఎత్తుతా."

"ఇంక దేని గురించి చేస్తాను?" అన్నాడు రైనో.

సోమవారం సినిక్కా రిపోర్టు చదివింది. ఒకటే వాక్యం ఉంది: ఆట తీసేశాం. ఆమె కాగితం తిప్పి చూసింది. వెనక కూడా ఏమీ లేదు. రెండు కాలమ్‌లు నింపాలంది. చనిపోయిన మనిషి ఫోన్ శత్రువుకు ఎలా దొరికింది? కెప్టెన్ రెండు నెలలు ఎందుకు జవాబిస్తూ వచ్చాడు?

"మొదటి దానికి నా పేరు రాయండి" అన్నాడు ఓస్మో. "శిక్ష ఏదుంటే అది వేయండి."

"రెండోది?"

"ఖాళీగా వదిలేయండి."

"ఖాళీగా వదిలితే పైవాళ్లు అడుగుతారు ఓస్మో గారూ."

"అడగనివ్వండి. దాని గురించి మీతో మాట్లాడను, పైవాళ్లతో మాట్లాడను, వాడితో మాట్లాడను" అని ఓస్మో కోటు తీసుకున్నాడు. "ఇంకోసారి అడిగితే ఈ మాట కూడా చెప్పను."