నాలుగు గంటల దొంగ రిలీజ్

మ్యాటినీ ఆట ఇంటర్వెల్‌కి రెండు నిమిషాల ముందు ప్రొజెక్టర్ ఆపరేటర్‌ను కాల్చి చంపారు. హాల్లో ఒక్కరు కూడా తల తిప్పలేదు. తెర మీద కూడా అప్పుడు కాల్పులే జరుగుతున్నాయి.

అతను చేసిన నేరం ఒక్కటే. ఇంకా విడుదల కాని హిందీ సినిమా ప్రింటు పరీక్ష కోసం తన బూత్‌కి వస్తే, దాన్ని దొంగ కాపీ తీసుకోనివ్వనన్నాడు.

పదిహేను రోజుల తర్వాత అతని తమ్ముడు గూఢచారి శాఖ చీఫ్ ముందు నిలబడ్డాడు. డిపార్ట్‌మెంట్‌లో అతన్ని అందరూ మేకు అంటారు. ఒకసారి దిగితే ఊడి రాడని.

"ఈ కేసు నీకివ్వను," అన్నాడు చీఫ్. "పగబట్టినవాడి చెయ్యి వణుకుతుంది."

"వణికేది మా వదిన చెయ్యి సార్. మంచినీళ్ళ గ్లాసు కూడా పట్టుకోలేకపోతోంది. నాది చూడండి."

మేకు చెయ్యి చాపాడు. వేలు కూడా కదల్లేదు. చీఫ్ నిట్టూర్చి ఫైలు ముందుకు తోశాడు.

"విదేశీ ముఠా. నాయకుణ్ణి డైరెక్టర్ అంటారు. ఒక్క ఫోటో లేదు, మొహం ఎలా ఉంటుందో ఎవరికీ తెలీదు. కొత్త హిందీ సినిమాలు విడుదలకు ముందే వెబ్‌సైట్‌లో పెడతాడు. పరాయి దేశాల్లో ట్యాక్సీలు నడిపేవాళ్ళు, నర్సులు, ఎంబసీ గుమాస్తాలు... సొంత భాష నాలుగు ముక్కలు చెవిన పడితే చాలని ఎగబడతారు. ఈ గురువారం సాయంత్రం నాలుగింటికి పెద్ద సినిమా వదులుతున్నాడు. నలభై లక్షల మంది కాచుకుని ఉన్నారు. ఫైల్లో వైరస్ ఉంది. ప్లే నొక్కితే ఫోన్ వాడి చేతికి పోయినట్టే. ఒక్క గుమాస్తా ఫోన్ చాలు, మన రహస్యాలన్నీ సంతలో పరిచేయడానికి."

"లోపల మనవాళ్ళెవరైనా?"

"ఒకామె ఉంది. సబ్‌టైటిల్స్ రాస్తుంది. కానీ రెండు పడవల మీద కాళ్ళు పెట్టిందని నా అనుమానం."

"అయితే మరీ మంచిది," అన్నాడు మేకు. చీఫ్‌కు అర్థం కాలేదు.

గురువారం మధ్యాహ్నం మూడున్నరకు, ముఠా మకాం వేసిన పరాయి నగరంలో, ట్యాక్సీ స్టాండ్ వెనకున్న భవనం ఆరో అంతస్తులో, ఏసీ మెకానిక్ ఒకడు నిచ్చెన భుజానేసుకుని బెల్ నొక్కాడు. తలుపు తీసినామె ఎర్ర పట్టు చొక్కా వేసుకుంది. మాట కన్నా ముందే నవ్వు వచ్చింది.

"పాటలున్నాయా?"

"తీసేశారు. ఏడుపే మిగిల్చారు."

కోడ్ సరిపోయింది. ఆమె అతన్ని సర్వర్ రూంలోకి తీసుకెళ్ళింది. మిషన్లు తేనెతుట్టెలా హోరెత్తుతున్నాయి. మానిటర్ మీద గడియారం వెనక్కి పరుగెడుతోంది. ఇంకా ఇరవై రెండు నిమిషాలు.

"మంచినీళ్ళు తెస్తాను," అని ఆమె వెళ్ళింది.

మేకు నిచ్చెనెక్కి ఏసీ మూత విప్పాడు. దాని పక్కనుంచే అప్‌లోడ్ కేబుల్ పోతోంది. అగ్గిపెట్టెంత పరికరాన్ని దానికి తగిలించాడు. చొక్కా గుండీలో ఉన్న కెమెరా రికార్డు చేసిందంతా అందులో చేరుతుంది. నాలుగు కొట్టగానే సినిమాకి బదులు అదే బయటికి పోతుంది.

గడియారంలో రెండు నిమిషాలు మిగిలాయనగా ఆమె తిరిగొచ్చింది. నీళ్ళు తేలేదు. పిస్టల్ పట్టుకున్న ఒక బట్టతల మనిషిని వెంటబెట్టుకొచ్చింది. చూడ్డానికి లెక్కల మాస్టారులా ఉన్నాడు.

"ఏమీ అనుకోకు," అంది. "వీళ్ళు ముందు అడిగారు."

డైరెక్టర్ కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. "ఆ ఆపరేటర్ తమ్ముడివటగా? వాడి దగ్గరికి నేనే స్వయంగా వెళ్ళాను. కాలుస్తానంటే ఏమన్నాడో తెలుసా? ఆట మధ్యలో ఉంది, జనం చూస్తున్నారు, ఇంటర్వెల్ దాకా ఆగమన్నాడు. చచ్చేవాడికి జనం గోలెందుకయ్యా!"

మేకు నిచ్చెన దిగి నిలబడ్డాడు. "మరి నీ సినిమా చూసే జనం?"

"ఊరికే వస్తే ఫినాయిల్ కూడా తాగే రకం. నాలుగింటికి ఆ నలభై లక్షల వెర్రివాళ్ళ ఫోన్లన్నీ నావే. నువ్వు కళ్ళారా చూసి మరీ చావు."

ఇంకా పది సెకన్లు. ఆమె కన్ను ఏసీ లోపల మెరుస్తున్న పచ్చ లైటు మీద పడింది.

"అది మనది కాదు!"

నిచ్చెనెక్కి తీగ అందుకోబోయింది. మేకు నిచ్చెనను ఒక్క తన్ను తన్నాడు. ఆమె, నిచ్చెన కలిసి డైరెక్టర్ మీద పడ్డారు. పిస్టల్ పేలింది. తూటా మేకు భుజాన్ని చీల్చుకుంటూ పోయింది.

మూడు. రెండు. ఒకటి.

మానిటర్లన్నిటి మీదా బట్టతల ప్రత్యక్షమైంది. "వాడి దగ్గరికి నేనే స్వయంగా వెళ్ళాను..."

మేకు జారిపడ్డ పిస్టల్ అందుకుని డైరెక్టర్ నుదుటికి ఆనించాడు. చాలాసేపు అలాగే ఉంచాడు. డైరెక్టర్ కళ్ళ నుంచి బొటబొటా నీళ్ళు కారాయి.

"చంపను. చావు నీకు మరీ చిన్న శిక్ష. ఇన్నాళ్ళూ మొహం దాచుకుని బతికావు. ఇప్పుడది నలభై లక్షల ఫోన్లలో ఉంది. ఒక్కొక్కడు ఎన్ని కాపీలు తీస్తాడో నీకు నేను చెప్పాలా?"

ఆమె నేల మీంచి లేచి జుట్టు సర్దుకుంది. "నిజానికి నేను మీ మనిషినే..."

"నువ్వు అమ్మేస్తావని నమ్మే వచ్చాను తల్లీ. లేకపోతే ఈయన కలుగులోంచి బయటికొస్తాడా? ఎవరి మనిషివో స్టేట్‌మెంట్ రాద్దువుగాని, సబ్‌టైటిల్స్‌తో సహా."

మెట్ల మీద బూట్ల చప్పుడు. కింది స్టాండ్‌లోని డ్రైవర్లు, పాతికమంది, ఫోన్లు చేత్తో పట్టుకుని తోసుకొచ్చారు. రోజూ తమ ట్యాక్సీల్లోనే ఇంటికెళ్ళే పెద్దమనిషిని తెర మీద గుర్తుపట్టారు.

"వెర్రివాళ్ళమా మేం?" అన్నాడు ముందున్నవాడు. పోలీసులొచ్చేదాకా డైరెక్టర్‌ను వాళ్ళే కాపలా కాశారు. మరీ అంత మర్యాదగా ఏం కాదు.

మేకు వదినకు ఫోన్ చేశాడు. "అయిపోయింది వదినా."

"వాడు ఏడ్చాడా?"

"ఏడ్చాడు."

"సరే," అంది వదిన. "నువ్వు భోంచేశావా?"

అతను భుజానికి గుడ్డ కట్టుకుని మెట్లు దిగుతుంటే ఒక డ్రైవర్ వెంటపడ్డాడు. "అన్నా, అంతా బాగానే ఉంది గానీ, అసలు సినిమాలో హీరో చివరికి బతుకుతాడా, పోతాడా?"

"రేపే రిలీజ్," అన్నాడు మేకు. "టికెట్ కొనుక్కుని చూడు."