గాలి వేసిన గడియ

ఆ పూటకి అది ఏడో తీర్పు. చిన్నంనాయుడు ఊహాపట్టీని నుదుటికి బిగించుకుని, ధ్యాస చెదరకుండా నాలుక కింద చేదుబిళ్ళ పెట్టుకున్నాడు. కింది కోర్టు ఎవరినైనా నిర్దోషి అని వదిలేస్తే, ఆ తీర్పును పైకోర్టు తరఫున చదివి చూడటం నమ్మకందారుగా అతని పని. తీర్పు సరైనదా కాదా అన్నది అతనికి అనవసరం. ఇలా జరగడానికి వీలుందా? అంతే. మనసు ఆవగింజంత ఒప్పుకున్నా, పట్టీ పసిగట్టి బల్ల మీద పచ్చదీపం వెలిగిస్తుంది; ఒప్పుకోకపోతే ఎర్రదీపం. పచ్చదీపం కింద బొటనవేలు నొక్కితే ఆ కేసు ఇక ఏ లోకంలోనూ తెరుచుకోదు.

పదకొండేళ్లలో అతని గదిలో ఎర్రదీపం వెలిగింది లేదు. వెలగదు మరి! సుడిగాలికి గేదె లేచి తాటిచెట్టు మీద ఈనిందని చెప్పే తాత ఒళ్లో పెరిగిన బుర్ర అది. ఏరికోరి ఉద్యోగం ఇచ్చిందీ అందుకే.

తీర్పు చదివాడు. కూలీలను కూడగడుతున్న రాజులు అనేవాడు రొయ్యల మేత ఫ్యాక్టరీ ఆవిరి తొట్టిలో ఉడికి చచ్చాడు. మూతకు బయట గడియ వేసి ఉంది. ముద్దాయి, యజమాని కనకలింగం. 'మృతుడు చలికి తాళలేక తానే తొట్టిలోకి దిగి ఉండవచ్చు. గడియ గాలికి పడి ఉండవచ్చు.'

చచ్చింది రోహిణీ కార్తెలో.

అయినా పచ్చదీపం వెలిగింది. చిన్నంనాయుడు వేలు నొక్కలేదు. ఏ కుళ్లు పెట్టినా మింగేసే తన బుర్రను చూస్తే తనకే రోత.

"వేలు నొక్కవయ్యా నాయుడూ, ఇంకా పదమూడున్నాయి," అన్నాడు పైఅధికారి భద్రయ్య.

"చచ్చినోడి తాలూకు ఎవరైనా వచ్చారా?"

"చెల్లెలట, పారమ్మ. వసారాలో కూచుంది. మనకెందుకు? కాగితం చూడాలి గాని మనిషిని చూడకూడదు."

చిన్నంనాయుడు తలుపు తీసి ఆమెను లోపలికి పిలిచాడు.

"ఏటమ్మా, తొట్టిలోంచి సప్పుడు ఇన్నానని ఒకపాలి సెప్పేవు, ఇన్లేదని ఇంకోపాలి సెప్పేవు. అందుకే నీ సాక్ష్యం కొట్టేసినారని తీర్పులో ఉంది. ఏది నిజం?"

పారమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. తీసి చెప్పింది.

"ఇన్నాను బాబూ. మిసన్ సప్పుడనుకున్నాను. ఆ ఫ్యాక్టరీలోనే అన్నం తింతన్నాను... తినీసి సెయ్యి కడుక్కున్నాను. ఆ మాట మా వదిన ముందర ఎలా సెప్పీది? ఇన్లేదనీసాను."

చిన్నంనాయుడు పట్టీ మళ్లీ బిగించి అదే తీర్పు, అవే రెండు వాక్యాలు చదివాడు.

ఎర్రదీపం.

"ఇది చెల్లదు!" భద్రయ్య కేకేశాడు. "నువ్వు మనిషిని చూశావు!"

"మరి ఇందాకటి పచ్చదీపం ఎవరిని చూసి వెలిగింది భద్రయ్యా?"

"ఇలా ఒక్కొక్కరినీ చూస్తూ కూచుంటే, కింద నిర్దోషి అన్నవాడికి నిద్ర ఎక్కడిది? మనిషిని చూడకూడదని హద్దు పెట్టిందే అందుకు!"

ఆ మాటలో నిజం లేకపోలేదు. చిన్నంనాయుడు తల ఊపాడు.

"అయితే కనకలింగాన్నీ పిలిపించు. ఆయన్నీ చూస్తాను."

రెండు దీపాలూ ఒక్కసారే వెలిగి, ఏదీ తేల్చకుండా రెండూ ఆరిపోయాయి. పక్కగది తలుపు చప్పుడైంది. ఈ కేకలు విన్న ఆ గదిలోని నమ్మకందారు తన పట్టీ తీసి చేత్తో పట్టుకుని వసారాలోకి వచ్చింది. తమవాళ్ల తీర్పుల కోసం బెంచీల మీద కూర్చున్నవాళ్లను ఒక్కొక్కరినే పేరు అడుగుతోంది.