ఎనిడ్ ప్రౌజ్ టేపు

లండన్‌లో ఒక టెలివిజన్ స్టూడియో ఉండేది. దాని నేలమాళిగలో టేపులు దాచే గది— పొద్దుగూకాక అటు తొంగిచూసే మగాడు లేడు. లోపల ఆడగొంతు బతిమాలుతుందట. "ఆ గది మంచిది కాదురా విల్ఫ్, పెందలాడే బయటపడు" అని పాతవాళ్లు చెవిలో ఇల్లు కట్టుకుని పోరారు.

విల్ఫ్ ట్రాంటర్ పని టేపులు తుడవడం. టేపు ఖరీదు, నాటకం చవక! పాతది చెరిపేసి దానిమీదే కొత్తది ఎక్కించేవారు.

ఆ డిసెంబరు శుక్రవారం, నాలుగున్నరకే చిమ్మచీకటి. టోపీ మర్చిపోయి వెనక్కి వెళ్లాడు పాపం... గుమ్మంలోనే కాళ్లు అతుక్కుపోయాయి.

"వెళ్లొద్దు... ఒక్కసారి నా మొహం చూడు..."

పైప్రాణాలు పైనే పోయాయి. దీపం వేశాడు.

అరల మధ్య— ఎనిడ్ ప్రౌజ్! క్యాంటీన్‌లో రోజూ తనకు టీ పోసే పెద్దావిడ.

"మీరా అమ్మా! దెయ్యమనుకుని చచ్చాను."

"ఇంకా కాలేదులే నాయనా," నవ్విందావిడ. "నా పాత్ర వల్లించుకుంటున్నాను."

పద్దెనిమిదేళ్లు నటించిందట. టీవీలో నర్సు, పక్కింటావిడ. సినిమాల్లో బస్సు దిగే మనిషి. టీవీవన్నీ ఆడుతుండగానే ప్రసారమైనవి, రికార్డు కాక గాలిలో కలిసిపోయాయి. నాయిక వేషం ఒక్కటే. టేపు మీదున్నదీ అదొక్కటే. అది ప్రసారమైన రాత్రి ఎక్కడో నాటకమాడుతూ తను చూడనేలేదు.

"సోమవారం తుడుస్తారని జాబితాలో చూశాను. వదిలెయ్ నాయనా. పోనీ... ఒక్కసారి వినిపించు. బొమ్మ లేకపోయినా సరే, గొంతు చాలు."

 విల్ఫ్ సోమవారం పని ఇవాళే ముగించి, ఆ టేపూ తుడిచేశాడు. మధ్యాహ్నం, తన చేత్తోనే. చెప్పేద్దామనుకున్నాడు... ఆ మొహం చూశాక మానేశాడు. ఏం చెయ్యాలో తోచక రీలు ఎక్కించాడు.

చక్రం తిరిగింది. నిశ్శబ్దం... ఇంకా నిశ్శబ్దం...

"అమ్మా, అది—"

"ష్!" చెయ్యి పట్టుకుంది. "కంగారుపడకు. ఎవరో మాట మర్చిపోయుంటారు. అప్పట్లో ప్రాంప్టరమ్మ బటన్ నొక్కి శబ్దం ఆపేసి, మాట అందించేది. ఇదిగో, ఇప్పుడు వదిలేస్తుంది. వదలగానే వచ్చేది నా గొంతే."

విల్ఫ్ తలూపాడు. రీలు అయిపోయేదాకా ఇద్దరూ అలాగే వింటూ కూర్చున్నారు.