పేరు అడగడానికి వచ్చినవాడు

పొద్దున్నే ఆర్న్‌గున్నుర్ వంటింట్లో పాన్‌కేకుల పిండి గిలక్కొడుతోంది. రేడియోలో సముద్రం మీద గాలుల సంగతి చెబుతున్నారు. తమ చేపల పడవ మునిగిపోయాక కూడా ఆవిడ ఆ వార్తలు వినకుండా పొయ్యి ముట్టించదు. మధ్యాహ్నం మనవడికి బాప్తిస్మం. పుట్టినప్పటి నుంచీ వాణ్ణి అందరూ "బుల్లోడా" అనే పిలుస్తున్నారు. నెత్తిన నీళ్లు పడేదాకా పేరు పైకి అనకూడదు. ఐస్‌లాండ్‌లో ఎవరింట్లోనైనా అంతే.

"అనకూడదు గానీ, తెలియనిదెవరికిలే!" అంది ఆవిడ నవ్వుతూ. "తాత పేరేగా. ఉల్ఫుర్."

బిడ్డ తొడుక్కునే తెల్ల గౌను ఇస్త్రీ చేస్తున్న స్టెయిన్‌వర్ చెయ్యి ఆగిపోయింది.

"నా కొడుకుని తోడేలు అని పిలవాలా అత్తయ్యా?"

"మన పాత పేర్లన్నీ అలాంటివేగా! నా పేరులో గద్ద ఉంది, యుద్ధం ఉంది. నీ పేరులో రాయి ఉంది, పేరుకు తగ్గట్టే ఉన్నావు. అంతెందుకు, మీ అన్న పేరులో ఎలుగుబంటి లేదూ?"

"ఉంది. వేబ్యోర్న్ అంటే పవిత్రమైన ఎలుగుబంటి."

"తాగి పడవ ముంచినవాడికి పవిత్రం కూడానా!"

ఆ మాటకు స్టెయిన్‌వర్ ఒళ్లు భగ్గున మండింది. అన్నయ్య జీవితంలో చుక్క ముట్టలేదు. తుఫానులో పడవ మునిగిన రోజు పీకలదాకా తాగి ఉన్నది మామగారు ఉల్ఫుర్. ఆయన ఈదుకుంటూ ఒడ్డున పడ్డాడు, అన్నయ్య పడలేదు. శవం దొరక్కముందే ఈ మహాతల్లి ఇంటింటికీ తిరిగి, కాఫీలు తాగుతూ, "కుర్రాడు తాగున్నాడమ్మా, పాపం" అని చెప్పుకొచ్చింది. మరుసటి ఏడు మామగారు గుండె ఆగి దర్జాగా పోయాడు. అన్నయ్య పేరు మాత్రం, స్వయానా పినతండ్రి పిల్లలు కూడా తమ బిడ్డలకు పెట్టుకోలేదు. పేరు మోసేవాళ్లు లేకపోతే ఇక్కడ మనిషి రెండోసారి చచ్చినట్టే.

"పొద్దున్నే మొదలెట్టారా ఇద్దరూ?" అంటూ బిడ్డను ఎత్తుకుని వచ్చాడు బార్దుర్. అమ్మకూ పెళ్లానికీ మధ్య నలిగి నలిగి, అతనికి వాకిట్లో మంచు ఊడ్చుకోవడమే హాయిగా ఉంటుంది.

స్టెయిన్‌వర్ ఇస్త్రీపెట్టె పక్కన పెట్టింది.

"అత్తయ్యా, మా అన్నయ్య కలలోకి వచ్చాడు."

గిలక్కొడుతున్న చెయ్యి ఆగింది. పోయినవాళ్లు కలలోకి వచ్చి పుట్టిన బిడ్డకు తమ పేరు పెట్టమని అడిగితే, కాదనడానికి ఆ తీరంలో ఎవరికీ గుండె చాలదు. కాదంటే బిడ్డకే ముప్పు.

"నిజంగానా? ఏమన్నాడు?"

"గుమ్మంలో నిలబడ్డాడు. ఒళ్లంతా నీళ్లు కారుతున్నాయి. నా పేరు వీడికి ఇవ్వు అన్నాడు. ఇంకోమాట కూడా అన్నాడు. ఆ రోజు తాగిందెవరో మీ అత్తగారిని అందరి ముందూ చెప్పమను అన్నాడు."

ఆర్న్‌గున్నుర్ మొహంలో రక్తం లేదు. కుర్చీ వెతుక్కుని కూలబడింది. "అయ్యో దేవుడా," అని మాత్రం అంది. బార్దుర్ బిడ్డను గుండెకు అదుముకున్నాడు.

అన్నయ్యా రాలేదు, కలా రాలేదు. పిల్లవాడికి పాలిస్తూ, మాట మాటా ఏరి కూర్చుకున్న అబద్ధమది. అంతటితో అయిపోలేదు. నీళ్లు పడి, పేరు ఖాయమైపోయాక అత్తగారి చెవిలో చెప్పాల్సింది ఇంకా ఉంది. "ఎవరూ రాలేదు. మీ నోటితోనే మీ మొగుడి పరువు తీయించాను." ఆ మాట అనేటప్పుడు ఆవిడ మొహం ఎలా ఉంటుందో ఊహించుకుంటేనే స్టెయిన్‌వర్‌కు కడుపు నిండినట్టుంది.

బాప్తిస్మం ఇంట్లోనే కావడంతో మధ్యాహ్నం ముందుగది కిక్కిరిసిపోయింది. ఆర్న్‌గున్నుర్ బిడ్డను ఎత్తుకుని నిలబడింది. పాస్టరు గారు వంగి, "బిడ్డ పేరు?" అని అడిగారు.

"వేబ్యోర్న్."

గుసగుసలు లేచాయి. ఆవిడ తల ఎత్తింది.

"మీరంతా వినండి. పడవ మునిగిన రోజు కోడలి అన్న తాగలేదు. తాగింది మా ఆయన. మీ ఇళ్లకొచ్చి అబద్ధం చెప్పింది నేను. ఇక నీళ్లు చల్లండి పాస్టరు గారూ, బిడ్డకు చలేస్తోంది."

స్టెయిన్‌వర్ కళ్లు మూసుకుంది. 'గెలిచాం అన్నయ్యా' అనుకుంది. ఇంక ఆ ఒక్కమాటే మిగిలింది.

అందరూ కాఫీల మీద పడ్డాక, ఒంటరిగా వంటింట్లో ఉన్న అత్తగారి వెనక వెళ్లి తలుపు వేసింది. నోరు తెరిచేలోగా ఆవిడే చెయ్యి పట్టుకుంది.

"అమ్మా, ఒక్కటి అడుగుతాను, కోప్పడకు. కలలో మీ అన్న వెంట ఎవరైనా ఉన్నారా? చిన్నపిల్ల?"

"చిన్నపిల్లా?"

"బార్దుర్ కంటే ముందు నాకో ఆడపిల్ల పుట్టింది. ఊపిరి లేకుండానే పుట్టింది. బాప్తిస్మం కుదరదన్నారు, పేరు పెట్టకుండానే పాతిపెట్టారు. వాళ్లూ వీళ్లూ కలల్లోకి వస్తారు, పేరు అడుగుతారు. నా చిట్టితల్లి ఏమని అడుగుతుంది? దానికి పేరే లేదుగా! అందుకే ఇన్నేళ్లలో ఒక్కసారీ రాలేదు." ఆవిడ ఇంకా దగ్గరకు జరిగింది. "అక్కడ మనవాళ్లెవరైనా దాన్ని చేరదీశారేమోనని... అంతే. నీకు కనబడిందా?"

స్టెయిన్‌వర్ నోట్లో ఆ మాట సిద్ధంగా ఉంది. ఎవరూ రాలేదు. ఎన్ని వారాలు దాచుకుంది దాన్ని! అనేస్తే చాలు, ఈ ముసలిది ఇక లేవదు. అన్నయ్య పగ పూర్తిగా తీరిపోతుంది. ఆవిడ తన చెయ్యి ఇంకా వదల్లేదు. పక్కగదిలో బిడ్డ ఏడుపు వినబడింది. తన బిడ్డ, పేరున్న బిడ్డ.

"ఉంది అత్తయ్యా," అంది. కళ్లవెంట నీళ్లు ఎప్పుడు మొదలయ్యాయో ఆమెకే తెలియలేదు. "అన్నయ్య చెయ్యి పట్టుకుని ఉంది."

"బాగుందా? జుట్టు ఏ రంగు?"

"మీలాగే. ఎర్రజుట్టు."

ఆర్న్‌గున్నుర్ కోడలి భుజం మీద తల వాల్చి, చిన్నపిల్లలా వెక్కివెక్కి ఏడ్చింది. స్టెయిన్‌వర్ ఆవిడను గట్టిగా పొదువుకుంది.